గోదావరి సీమకు వార్త వచ్చిన త్రోవ

వర్షాకాలములో గోదావరి లంకలలో కాపురముండు వారికి మూడు అంకెలు కంఠస్థములై యుండును. ధవళేశ్వరము బారేజి వద్ద నీటిమట్టము 11.75 అడుగులకు చేరినచో మొదటి ప్రమాద హెచ్చరిక, 13.75 అడుగులకు రెండవది, 17.75 అడుగులకు మూడవది. ఏనాడును బడి మొగము చూడని పాలేరు సైతము ఈ దశాంశములను తడబాటు లేక అప్పగించును. వెనువెంటనే ఎగువ భద్రాచలము వద్ద నున్న 43, 48, 53 అడుగుల లెక్కయు చెప్పును. ఇవి పుస్తకములో చదువుకొన్నవి కావు. సాయంకాలము ప్రాంతీయ వార్తల వేళ అరుగు మీద కూర్చుండి, ఏటేట విని విని నేర్చుకొన్నవి. మొదటి హెచ్చరిక యనగానే పశువులను గట్టునకు తోలుదురు. రెండవది యనగానే ధాన్యపు బస్తాలు అటక యెక్కును. మూడవది యన్నచో పడవ యెక్కడ నున్నదో చూచుకొందురు.

పత్రికలు, రేడియో మొదలైన వాని విషయమున మన సీమవారి అలవాట్లను గూర్చి ముచ్చటింపవలసి వచ్చినప్పుడు నాకు మొదట స్ఫురించినవి ఈ అంకెలే. వార్త యనగా ఇతర ప్రాంతముల వారికి రాజకీయము కావచ్చును, విజ్ఞానము కావచ్చును, కాలక్షేపము కావచ్చును. గోదావరి డెల్టాలో మాత్రము అది మొట్టమొదట నీటి కబురు. ఆ కబురు ఎవరు చెప్పుచున్నారు, ఎంత దూరమునుండి చెప్పుచున్నారు, అది వేళకు అందుచున్నదా లేదా అను ప్రశ్నలను పట్టుకొని నడచినచో, నూట యేబది సంవత్సరముల చరిత్ర మనకు ఒక త్రోవన పడును.

ఆ త్రోవ కొస మన యింటిలోనే యున్నది. 1874లో కందుకూరి వీరేశలింగము పంతులు ‘వివేకవర్ధని’ని ఆరంభించిరి. పుట్టినది రాజమహేంద్రవరములో, పత్రిక పెట్టునాటికి ఉద్యోగము ధవళేశ్వరములో, బడిపంతులుగా. అనగా ఆనకట్ట యున్న యూరినుండియే ఈ సీమకు తొలి పత్రికా స్వరము వినవచ్చినదన్నమాట. అయితే ఆ పత్రిక మొదట అచ్చయినది ఇచ్చట కాదు, మదరాసులో. అప్పటికి గోదావరి మీద రైలు వంతెన లేదు. వ్రాతప్రతి టపాలో దక్షిణమునకు పోవలెను, అచ్చుకాగితములు మరల అంత దూరము రావలెను. ఊరిలో జరిగిన అన్యాయమును గూర్చి నేడు వ్రాసినది ఊరివారి చేతికి వచ్చుసరికి ఆ యన్యాయము పాతబడి పోవుచుండెను. ఈ బాధ పడలేకయే కొలది కాలములోనే పంతులుగారును, వారి మిత్రులును రాజమహేంద్రవరములో స్వంత ముద్రాలయము నెలకొల్పుకొనిరి. ముద్రాలయము ఊరిలోనికి వచ్చిన పిమ్మట న్యాయస్థానములలోను, కచేరీలలోను సాగుచుండిన లంచగొండితనమును గూర్చి వివేకవర్ధని వ్రాసిన వ్రాతలకు పదును వచ్చినది. ఎవరిని గూర్చి వ్రాసిరో వారు ఆ వీధిలోనే నడచుచుండిరి కదా!

ఆ పిమ్మటి ముప్పది సంవత్సరములు ఈ సీమ పత్రికలకు పుట్టినిల్లుగా నుండెను. 1883లో స్త్రీల కొరకు ‘సతీహితబోధిని’. 1891లో న్యాపతి సుబ్బారావు పంతులుగారి ప్రాపున ‘చింతామణి’. ఈ సుబ్బారావుగారు 1878లో మదరాసులో ‘హిందూ’ పత్రికను స్థాపించిన ఆర్గురిలో ఒకరు. తరువాత రాజమహేంద్రవరములో న్యాయవాదిగా స్థిరపడిరి. చింతామణి నవలల పోటీలు పెట్టి బహుమానములిచ్చి, చిలకమర్తి లక్ష్మీనరసింహము వంటి వారి చేత నవలలు వ్రాయించినది. చిలకమర్తివారు తాము స్వయముగా ‘మనోరమ’, ‘దేశమాత’ పత్రికలను నడపిరి. చూపు మందగించినను కలము, అనగా ఇతరుల చేతనున్న కలము, ఆగలేదు. ఏలూరునుండి 1902లో ‘హిందూసుందరి’ వెలువడినది. కాకినాడనుండి పులుగుర్త లక్ష్మీనరసమాంబగారు ‘సావిత్రి’ని వెలువరించిరి. స్త్రీలు చదువుటయే తగదని వాదించువారు వీధి కొకరుండిన కాలమున, స్త్రీలు సంపాదకత్వము వహించిన పత్రికలు ఈ కాలువగట్టుల మీద నడచినవి. ఇది స్వల్ప విషయము కాదు.

అచ్చు వ్యాపారము సంగతియు ఒక మాట చెప్పవలెను. మన సాహిత్య చరిత్రలు దీనిని విడిచిపెట్టును. ముద్రాలయమును పోషించినది పత్రికలు కావు. పంచాంగములు, శతకములు, పురాణములు, పాఠ్యపుస్తకములు, నాటకముల పుస్తకములు - ఇవి అన్నము పెట్టినవి. రాజమహేంద్రవరములో కొండపల్లి వీరవెంకయ్య, గొల్లపూడి వీరాస్వామి మున్నగు వారి ప్రచురణ సంస్థలు తెలుగుదేశమంతట పేరు పొందినది ఇట్టి పుస్తకముల వలననే. ఉగాదికి ముందు పంచాంగము కొనని గృహస్థు అరుదు. దిన పత్రిక కొనువాడు అంతకన్న అరుదు. చిలకమర్తివారి ‘గయోపాఖ్యానము’ ఎన్ని ముద్రణలు పొందినదో తలచుకొన్నచో, చదువు రాని పల్లెలో సైతము పుస్తకము ఏ ద్వారమున ప్రవేశించినదో తెలియును. నాటకము ఆడుటకై కొనిరి. ఆడుటకై ఒకడు చదివి పదిమందికి వల్లెవేయించెను.

ఈ ‘ఒకడు చదువుట, పదిమంది వినుట’ అనునదియే మన సీమ యొక్క అసలైన అలవాటు. పత్రిక ఒక్కటి, చెవులు అనేకములు. క్షౌరశాలలో గిరాకీ కొరకు వేచియున్న వానికి పత్రిక నిచ్చి ‘పైకి చదవండి బాబూ’ అనుట మా చిన్ననాటి మాట. కాఫీ హోటలులో ఒక పత్రికను నాలుగు కాగితములుగా విడదీసి నాలుగు బల్లల వారు మార్చుకొనుట నేటికిని పూర్తిగ పోలేదు. గ్రంథాలయము ఉన్న యూరికి పఠనమందిరమే దిక్కు. నాళం కృష్ణారావుగారి పూనికతో 1898లో రాజమహేంద్రవరమున ఆరంభమై, తరువాత గౌతమీ గ్రంథాలయముగా రూపొందిన సంస్థలో సాయంకాలము పత్రికల బల్ల వద్ద చోటు దొరకుట దుర్లభముగా నుండెడిది. పొరుగున కృష్ణా డెల్టాలో పాతూరి నాగభూషణముగారు 1935లో ఏకముగా పడవ మీదనే గ్రంథాలయము నెక్కించి, కొల్లూరు, పెదవడ్లపూడి గ్రామముల నడుమ కాలువలో త్రిప్పిరి. డెల్టావాసి బుద్ధి అది: నీరు అడ్డమైనచో నీటినే బాటగా చేసికొనుట.

నీరు నిజముగనే బాటయు, అడ్డమును కూడ. సర్ ఆర్థర్ కాటను ఆనకట్ట 1852లో పూర్తియైన తరువాత కాలువలలో పడవల రాకపోకలు హెచ్చినవి. కాకినాడనుండి ఏలూరు కాలువ మీదుగా, కృష్ణ దాటి, బకింగుహాము కాలువ పట్టుకొని మదరాసు వరకు పడవ మీద పోగలిగిన కాలమొకటి యుండెను. 1900లో హేవలాక్ వంతెన మీదుగా రైలు నడచిన పిమ్మట మదరాసు పత్రికలు మెయిలులో రాసాగినవి. 1914లో కాశీనాథుని నాగేశ్వరరావు పంతులుగారి ‘ఆంధ్రపత్రిక’ దినపత్రికయై మదరాసున వెలువడినది. 1938లో ‘ఆంధ్రప్రభ’ వచ్చినది. నిడదవోలు, రాజమహేంద్రవరము, సామర్లకోట స్టేషనులలో కట్టలు దిగుచుండెను. కాని రైలు కట్టనుండి కోనసీమకు దారి యేది? కాకినాడ నుండి కోటిపల్లికి 1928లో వేసిన రైలుమార్గమును రెండవ ప్రపంచయుద్ధ కాలమున, 1940లో, ఊడదీసికొని పోయిరి. పిమ్మట రేవు దాటవలెను, పడవ యెక్కవలెను, సైకిలు త్రొక్కవలెను. అమలాపురము ఆవలి గ్రామములలో ‘నేటి పత్రిక’ యనగా నిన్నటి పత్రిక. వరద వచ్చినచో మొన్నటిది. నాకు తెలిసిన ఒక పెద్దాయన పత్రికను తేదీ చూడకయే చదువుచుండెడివాడు. అడిగినచో, ‘యుద్ధము ఎట్లును జరుగుచునే యున్నది గదా, ఏ రోజుదైన నేమి?’ అనెడివాడు.

మదరాసు పత్రికలు బలపడిన కొలది మన యూరి పత్రికలు బలహీనమైనవి. ఇది ఎవరి దోషమును కాదు. దినపత్రికకు తంతివార్తలు కావలెను, పెద్ద యంత్రములు కావలెను, ప్రకటన లిచ్చు వర్తకులు కావలెను. ఆ మూడును రాజధానిలో నుండెను. జాతీయోద్యమ కాలమున మద్దూరి అన్నపూర్ణయ్యగారి ‘కాంగ్రెసు’ పత్రిక వంటివి ఈ గడ్డ మీద నిలచి, ప్రభుత్వపు కన్నెఱ్ఱకు గురియై, ఆగుచు లేచుచు నడచినవి. వాని బలము ధైర్యము; ధనము కాదు. సినిమా విషయమునను ఇదియే వరుస. నిడమర్తి సూరయ్యగారు రాజమహేంద్రవరములో ‘దుర్గా సినీటోన్’ అను స్టూడియో నెలకొల్పి 1936లో ‘సంపూర్ణ రామాయణము’ను చిత్రించిరి. ఆంధ్రదేశమున అట్టి ప్రయత్నమునకు అది మొదలు. కాని అది నిలువలేదు. చిత్రపరిశ్రమ మదరాసులో స్థిరపడినది. తరువాత గోదావరి సినిమాకు రంగస్థలమైనది గాని పరిశ్రమ కాలేదు. నరసాపురమున పుట్టిన బాపు, ధవళేశ్వరమున పుట్టిన ముళ్లపూడి వెంకటరమణ మదరాసులో పెరిగి, 1967లో ‘సాక్షి’ చిత్రము కొరకు పులిదిండికి కెమెరా తెచ్చుకొనిరి. పుట్టింటికి వచ్చిన ఆడపడుచు వలె నాలుగు దినములుండి పోయిరి.

ఇక రేడియో. దీని వద్ద కొంచెము నిలువవలెను.

మదరాసు రేడియో కేంద్రము 1938 జూన్ 16న ఆరంభమైనది. తెలుగు కార్యక్రమములకు అచ్చట కొంత కాలము కేటాయింపబడినది. పిల్లల కార్యక్రమమున న్యాయపతి రాఘవరావుగారు ‘రేడియో అన్నయ్య’గా, ఆయన భార్య కామేశ్వరిగారు ‘అక్కయ్య’గా తెలుగు పిల్లలకందరకు బంధువులైనది అప్పుడే. 1948 డిసెంబరు 1న విజయవాడ కేంద్రము ప్రారంభమైనది. మన సీమకు ఇది పెద్ద మలుపు. మదరాసు స్వరము రాత్రివేళ గాలిలో తేలివచ్చెడి అతిథి. విజయవాడ స్వరము పగలు కూడ స్పష్టముగ వినబడు పొరుగింటివాడు. దీనికి శాస్త్రకారణము కలదు. మధ్యతరంగములు పగటివేళ ప్రధానముగా నేలనంటి ప్రయాణించును. నేల తడిగా, ఉప్పుదనము కలిగి యున్నచో మరింత దూరము పోవును. రాతినేలలో త్వరగా క్షీణించును. మన వరిచేలు, ఉప్పుకయ్యలు, కాలువలు ఆ తరంగములకు రాజబాట వేసినవి. రాత్రియైనచో ఆకాశమునందలి విద్యుత్పొరను తాకి దూరపు కేంద్రముల తరంగములు క్రిందికి మరలివచ్చును. అందుచేతనే చీకటి పడిన పిమ్మట ఒకరి పాటలో మరియొకరి మాట కలియుచుండెను.

మా యింటికి రేడియో వచ్చిన దినము నాకు జ్ఞాపకమున్నది. పెట్టె కన్న ముందు వెదురుగడలు వచ్చినవి. రెండు కొబ్బరిచెట్ల నడుమ రాగితీగ కట్టిరి. రెండవ తీగను నూతిగట్టు ప్రక్కన తడినేలలో పాతిరి. మీట త్రిప్పిన వెంటనే శబ్దము రాదు. లోపలి దీపములు వేడెక్కవలెను. ఆ అరనిమిషము ఇంటిల్లిపాది ఊపిరి బిగబట్టి, పచ్చని కన్ను మెల్లగ విప్పారుట చూచుచుండిరి. మా నాయనమ్మ మాత్రము ఆ పెట్టెకు కుంకుమ బొట్టు పెట్టి, ఎవరును కాళ్లు చాపి కూర్చుండరాదని శాసించెను. ఏటేట తపాలా కచేరికి పోయి లైసెన్సు రుసుము చెల్లించుట గృహస్థునకు ఒక విధి. ఆ చిన్న పుస్తకమును భూమి పన్ను రసీదులతో పాటు భద్రపరచెడివారు. ఆ లైసెన్సు పద్ధతి 1980 దశాబ్దము నడుమ రద్దయినది. పాత పెట్టెలు విప్పినచో ఆ పుస్తకములు నేటికిని కొన్ని యిండ్లలో కనబడును.

రేడియో ఉన్న యిల్లు ఊరికి చావడి యైపోవుట సహజము. పంచాయతీ కచేరీ మీద భోంగా గొట్టము పెట్టి సాయంకాలము గ్రామస్థుల కార్యక్రమము వినిపించిన చోట్ల సంగతి వేరు. ఆ సౌకర్యము లేని యూళ్లలో రేడియో గల గృహస్థు అరుగే పంచాయతీ. తెల్లవారుజామున భక్తిరంజని విని వాకిలి చిమ్ముకొనెడి ఇల్లాండ్రు, మధ్యాహ్నము స్త్రీల కార్యక్రమమునకు పనులు సర్దుకొని వచ్చెడి ఇరుగుపొరుగు అమ్మలక్కలు, రాత్రి నాటకమునకు దుప్పటి కప్పుకొని కూర్చుండు పెద్దలు - పత్రిక చదువుటలో పలికినవాడొకడు, విన్నవారు పదిమంది అని ఇంతకు ముందు చెప్పితిని. ఆ పాత యలవాటే ఇచ్చట క్రొత్త పెట్టెలో కూర్చున్నది. అందుచేతనే రేడియో మన సీమలో అంత తేలికగ వేరూనినది.

మరియొక కారణము కూడ కలదు. ఆ స్వరములు దూరమునుండి వచ్చినవే గాని పరాయివి కావు. నిడదవోలులో జన్మించిన బాలాంత్రపు రజనీకాంతరావుగారు 1941లో మదరాసు కేంద్రమున చేరి, తరువాత విజయవాడ కేంద్రమును తీర్చిదిద్దిన వారిలో ముఖ్యులైరి. 1947 ఆగస్టు 15 అర్ధరాత్రి స్వాతంత్ర్యము వచ్చిన వేళ మదరాసు కేంద్రమునుండి ప్రసారమైన తెలుగు పాట వారి రచన. కోనసీమలోని శంకరగుప్తమున పుట్టిన మంగళంపల్లి బాలమురళీకృష్ణగారు విజయవాడ కేంద్రమున పనిచేసి భక్తిరంజనికి ప్రాణము పోసిరి. పిఠాపురము ప్రాంతమువారైన దేవులపల్లి కృష్ణశాస్త్రిగారు హైదరాబాదు కేంద్రము కొరకు గేయములు, నాటికలు వ్రాసిరి. కాకినాడ వింజమూరి సోదరీమణులు అనసూయ, సీతలు మన పొలముగట్ల పాటలను మైక్రోఫోను ముందుకు తెచ్చిరి. ముద్రాలయము రాజధానికి పోయినప్పుడు మన మాట తగ్గినది; రేడియో రాజధానిలో నున్నను మన గొంతు వినబడినది. ఈ తేడాను నేను పెద్దదిగా ఎంచుదును.

రేడియోవారి మీద అలుకలు లేకపోలేదు. 1952 ప్రాంతమున కేంద్రమంత్రి కేస్కరుగారి కాలమున సినిమా పాటలను తగ్గించినప్పుడు, శ్రోతలు చెప్పాపెట్టక సింహళమునకు వలసపోయిరి. రేడియో సిలోను తెలుగు కార్యక్రమములో మీనాక్షి పొన్నుదురై గారి కంఠము మన యువకులకు ఎంత పరిచితమో చెప్పనలవి కాదు. 1957 అక్టోబరు 3న వివిధభారతి ఆరంభమగుటకు ఈ వలసయే ముఖ్య కారణము. శ్రోత మీట త్రిప్పినచో ప్రభుత్వము విధానము మార్చుకొనవలసి వచ్చెను.

ట్రాన్సిస్టరు వచ్చుటతో రేడియో అరుగు దిగి పొలమునకు నడచినది. ఇది 1960 తరువాతి మాట. పశ్చిమగోదావరి జిల్లా అప్పటికే దేశమున సాంద్ర వ్యవసాయ పథకమునకు ఎన్నిక యైన మొదటి ఏడు జిల్లాలలో ఒకటి. మార్టేరులో వరి పరిశోధనా క్షేత్రము కలదు. ఎరువు ఎంత వేయవలెను, నారు ఎన్ని దినములకు తీయవలెను అను సంగతి క్షేత్రమునుండి రైతు చెవికి చేరుటకు రేడియోకన్న దగ్గర దారి లేదు. తంజావూరు ప్రాంతమున ఏ.డి.టి. 27 అను వరి రకమునకు రైతులు ‘రేడియో వరి’ యనియే పేరు పెట్టిరి. మన రైతులు అంత దూరము పోలేదు గాని, నాగలి మేడికి ట్రాన్సిస్టరు వ్రేలాడదీసి దున్నుటను నేను కన్నులార చూచితిని. ఎద్దులకు పాటలు నచ్చుననియు, వార్తలు నచ్చవనియు ఆ రైతు వాదము.

పత్రికలును ఇంటి వైపు జరిగినవి. 1959, 60 సంవత్సరముల నడుమ ఆంధ్రప్రభ, ఆంధ్రజ్యోతి విజయవాడనుండి వెలువడసాగినవి. 1974 ఆగస్టు 10న విశాఖపట్టణమున ‘ఈనాడు’ పుట్టి, తెల్లవారకముందే పత్రికను గుమ్మములో వేయుట అను క్రొత్త యలవాటు నేర్పినది. నిన్నటి పత్రికను కాఫీతో చదివిన సీమకు ఇది వింత. 1989లో ఆ పత్రిక జిల్లాకొక ప్రత్యేక సంచికను జతపరచుటతో మన యూరి పేరు అచ్చులో కనబడసాగినది. బడి పైకప్పు కూలినది, కాలువకు గండి పడినది, రేవులో పంటు ఆగినది - ఇవియు వార్తలైనవి. వివేకవర్ధని కాలము తరువాత పల్లెకు ఇంత చోటు దొరకుట ఇదియే మొదలని చెప్పవచ్చును.

అయితే ఇందులో ఒక చిక్కు కలదు. తూర్పుగోదావరి పుట తూర్పు జిల్లాకు, పశ్చిమగోదావరి పుట పశ్చిమ జిల్లాకు. గోదావరి ఒక్కటే, ఒడ్డులు రెండు. ఈ యొడ్డున గట్టు బలహీనమైన సంగతి ఆ యొడ్డు వారికి మరునాడు బంధువు చెప్పిన గాని తెలియదు. సిద్ధాంతము వంతెనకు ఆవల జరిగినది ఈవలి పత్రికలో ఉండదు. 2022 ఏప్రిలులో రెండు జిల్లాలను విడదీసి కాకినాడ, కోనసీమ, ఏలూరు మున్నగు క్రొత్త జిల్లాలు ఏర్పరచిన తరువాత ఈ గోడలు మరికొన్ని లేచినవి. నది యొక్క వార్తకు జిల్లా సరిహద్దు పెట్టుట ఎట్లు?

ఇచ్చట నాకు డెన్మార్కు జ్ఞప్తికి వచ్చును. అదియు మన వలె సముద్రమట్టమునకు కొంచెమే యెత్తున నున్న దేశము. జనసంఖ్య దాదాపు 60 లక్షలు. 2011 లెక్కలలో తూర్పు, పశ్చిమ గోదావరి జిల్లాలు కలిపి 90 లక్షలకు పైబడినవి. అనగా మనము వారికి ఒకటిన్నర రెట్లు. ఆ స్వల్పజనము తమ భాషలో 1749లో పెట్టుకొన్న ‘బెర్లింగ్స్కె’ పత్రిక నేటికిని వెలువడుచున్నది. 1925లో వారు రేడియో సంస్థ నేర్పరచుకొని, దశాబ్దముల తరబడి ఇంటింటి రుసుముతో పోషించిరి. 2022 నాటికి రుసుము తీసివేసి పన్నునుండి ఇచ్చుటకు మారిరి. వారిది దేశము, మనవి జిల్లాలు. పోలిక అంతటితో ఆగును. కాని తలసరి లెక్కలో చిన్నవాడు తన గొంతు తానుంచుకొనుట అసాధ్యము కాదని మాత్రము దీనివలన తెలియుచున్నది.

టెలివిజన్ సంగతి త్వరగా ముగింతును. ఏలయన అది అందరి యెదుట జరిగినది. 1977 అక్టోబరు 23న హైదరాబాదు దూరదర్శన్ ఆరంభమైనది. మన యూళ్లకు అది చేరుటకు మరి కొన్నేండ్లు పట్టినది. 1995 తరువాత ప్రైవేటు తెలుగు చానళ్లు వచ్చి, అరుగు మీది వారిని గదిలోనికి పిలిచి తలుపు వేసినవి. చేతిఫోను వచ్చి, ఆ గదిలోని వారిని ఎవరి మూలకు వారిని పంపినది. ఒకరు చదువుట, పదిమంది వినుట అను మన పాత యలవాటు ఇచ్చట తెగినది. నాకు విచారము లేకపోలేదు గాని, ఎవరి కిష్టమైనది వారు చూచుకొనుట యందు సుఖము లేదని చెప్పిన అబద్ధమగును.

నీటి కబురునకు తిరిగి వత్తును. 1986 ఆగస్టులో గోదావరి వరద భద్రాచలము వద్ద 75.6 అడుగులకు లేచినది. ధవళేశ్వరము వద్ద 35 లక్షల క్యూసెక్కుల నీరు పారినది. విద్యుత్తు పోయినది, టెలిఫోను తీగలు తెగినవి. బ్యాటరీ రేడియో ఒక్కటే పలికినది. 1996 నవంబరు 6 రాత్రి కోనసీమను తుఫాను తాకినప్పుడు వేయిమందికి పైగా మరణించిరి. కొబ్బరిచెట్లు వరుసలు వరుసలుగా పడిపోయినవి. ఆ రాత్రి మాకు హెచ్చరిక అందనిది కాదు. ‘తీరమున అల్పపీడనము, వాయుగుండము’ అని ఎన్నో సారులు విని యుండుటచేత ఈసారియు అట్లే పోవుననుకొంటిమి. వార్త వచ్చుట వేరు, నమ్ముట వేరు. అంకెతో చెప్పిన మాటకు జనము కదలినట్లు విశేషణముతో చెప్పిన మాటకు కదలరు. ‘తీవ్రము’ అన్నచో ఎంత తీవ్రము? ‘పదమూడు డెబ్బదియైదు’ అన్నచో ఆ అంకె గోడ మీద సున్నముతో గీసిన పాత గీతకు పైనో క్రిందనో ప్రతివారికి తెలియును.

2022లో రెండు పరీక్షలు ఒకదాని వెంట ఒకటి వచ్చినవి. మే 24న అమలాపురమున అల్లర్లు జరిగిన పిమ్మట కోనసీమలో మొబైల్ ఇంటర్నెట్టును నిలిపివేసిరి. దినముల తరబడి అది రాలేదు. ఇంటివద్ద నుండి ఉద్యోగము చేయు యువకులు సిగ్నలు కొరకు గోదావరి గట్టునకు పోయి ఆవలి యొడ్డు వైపు ఫోను పట్టుకొని కూర్చుండిరి. ఒక్క తీగ మీద అన్నియు వ్రేలాడదీసిన పిమ్మట ఆ తీగ తెగినచో ఏమగునో అప్పుడు చూచితిమి. సేవ మరల వచ్చిన కొలది వారములకే, జూలైలో, వరద. భద్రాచలము 71.3 అడుగులు, ధవళేశ్వరమున మూడవ హెచ్చరిక. ఈసారి ఫోనులు పనిచేసినవి, ఎక్కువగానే పనిచేసినవి. ఏ యేటివో తెలియని వరద దృశ్యములు, ఏ నదివో తెలియని కూలిన వంతెనలు గంటకు పది చొప్పున చేతులు మారినవి.

ఆ వారము లంకలోని మా బంధువుల యింట నుంటిని. మనుమడు ఫోనులో ఒక దృశ్యము చూపి, ‘నానమ్మా, ఇల్లు వదలి పోదాము, చూడు ఎట్లు వచ్చుచున్నదో’ అనెను. ఆమెకు ఎనుబది సంవత్సరములు. 1953 వరదను, 1986 వరదను ఆ యింటిలోనే చూచినది. కండ్లద్దములు సవరించుకొని ఆ దృశ్యమును ఓపికగా చూచి, ‘కొండలున్నవి కదరా, ఇది మన యేరు కాదు’ అనెను. భద్రాచలమున నిన్న సాయంకాలము ఎంత యుండెనో అడిగి తెలిసికొనెను. అచ్చటి నీరు ఇచ్చటికి వచ్చుటకు దాదాపు ఒక దినము పట్టునను లెక్క ఆమెకు తెలియును. వ్రేళ్లు మడచి గంటలు లెక్కించుకొని, గోడ మీది రెండు సున్నపు గీతల వైపు ఒకసారి చూచి, గూటిలోని పాత ట్రాన్సిస్టరును దింపి మనుమని చేతికిచ్చి, ‘వార్తల వేళయైనది, పెట్టు. ధవళేశ్వరము ఎంతో విని, అప్పుడు పడవ మాట చూతము’ అనెను.